మాట రాసిన ఆత్రేయ, మాట మాన్పించిన సింగీతం

సూళ్లూరుపేట అనగానే ఇవాళ శ్రీహరికోట రాకెట్లూ, పులికాట్ సరస్సూ, నేలపట్టు గూడబాతులూ గుర్తొస్తాయి. తెలుగు సినిమా రచన గురించి మాట్లాడుకునేవాళ్లకి ఆ ఊరు ఇంకో కారణంగా గుర్తుండాలి. ఆ చుట్టుపక్కలే ఉన్న మంగళంపాడులో 1921 మే 7న కిళాంబి వెంకట నరసింహాచార్యులు పుట్టారు. గోత్రనామాన్నే కలంపేరు చేసుకుని ఆచార్య ఆత్రేయ అయ్యారు. ఆయన మద్రాసు చేరి సినిమాల్లో నిలదొక్కుకుంటున్న కాలంలోనే, సూళ్లూరుపేట బడిలో ఒక కుర్ర మాస్టారు పిల్లల చేత నాటకాలు వేయిస్తూ సినిమా పిలుపు కోసం ఎదురుచూస్తున్నారు. ఆయన సింగీతం శ్రీనివాసరావు. 1931 సెప్టెంబరు 21న నెల్లూరు జిల్లాలోనే పుట్టినవారు.

ఒకే ప్రాంతం వాళ్లన్నంత మాత్రాన ఇద్దరు రచయితల్ని పక్కపక్కన పెట్టి చదవాల్సిన పని లేదు. సినిమా అంతా మద్రాసులో ఉన్న రోజుల్లో నెల్లూరు తీరం ఆ ఊరికి అతి దగ్గరి తెలుగు నేల. గూడూరు మీదుగా దక్షిణానికి పోయే రైలెక్కితే చాలు. పి. పుల్లయ్య, రమణారెడ్డి, రాజనాల, వాణిశ్రీ, నెల్లూరులో పెరిగిన ఎస్.పి. బాలసుబ్రహ్మణ్యం, ఎందరో ఆ దారినే వెళ్లారు. ఆత్రేయనీ సింగీతాన్నీ కలిపి చదవమనడానికి నా కారణం వేరు. మాటతో సినిమాని ఎంత దూరం తీసుకెళ్లవచ్చో ఆత్రేయ చూపించారు. మాట లేకుండా ఎంత దూరం వెళ్లవచ్చో సింగీతం చూపించారు. ఒక పని రెండు చివర్లనీ ఒకే తాలూకా మట్టి మీద తిరిగిన ఇద్దరు పట్టుకున్నారు.

తెలుగు సినిమా టైటిల్స్‌లో రచన ఎప్పుడూ ముక్కలుగానే పడుతుంది. కథ ఒకరిది, మాటలు ఒకరివి, పాటలు ఇంకొకరివి. స్క్రీన్‌ప్లే చాలాసార్లు దర్శకుడి పేరు పక్కకి పోతుంది. ఈ పంపకంలో రచయితకి మిగిలేది మాట. ఎవరు ఎక్కడ ఎదురుపడాలి, ఎవరికి ఏ సంగతి ఎప్పుడు తెలియాలి, ఏది ప్రేక్షకుడికి ముందు తెలిసి పాత్రకి తర్వాత తెలియాలి అన్నవి కూడా రచనే అని మన విమర్శ గట్టిగా చెప్పలేదు. పాటల రచయితగా ఆత్రేయ మీద పుస్తకాలు వచ్చాయి, సభలు జరిగాయి. సన్నివేశ రచయితగా ఆయన్ని చదివినవాళ్లు తక్కువ. సింగీతాన్ని దర్శకుడిగా మెచ్చుకుంటాం, రచయితగా లెక్కలోకే తీసుకోం. ఇద్దరికీ జరిగిన అన్యాయం ఒకటే. చెరో సగం పని చేసినవాళ్లని మనం ఆ సగంలో కూడా పూర్తిగా చూడలేదు.

ఆత్రేయ నాటకం నుంచి వచ్చారు. నెల్లూరులో గుమాస్తా ఉద్యోగం చేశారు, ‘జమీన్ రైతు’ పత్రికలో పనిచేశారు, క్విట్ ఇండియా ఉద్యమంలో పాల్గొన్నారు. హార్మోనియం పక్కన నిలబడి రాగం తీసే పద్యనాటకం రాజ్యమేలుతున్నప్పుడు, జీతం చాలని గుమాస్తా ఇంటిని రంగస్థలం మీదికి తెచ్చి ‘ఎన్.జి.ఓ.’ రాశారు. ఆ నాటకమే తర్వాత ‘గుమాస్తా’ (1953) సినిమా అయింది. ‘ఈనాడు’, ‘విశ్వశాంతి’, ‘కప్పలు’, ‘భయం’ కూడా ఆయన నాటకాలే. వాటిలో ఆయన సాధించినది ఏమిటంటే, నెలాఖరున ఇంట్లో నలుగురు మనుషులు ఒకరినొకరు ఎలా దెప్పుకుంటారో, ఏ మాట దగ్గర ఆగిపోతారో అలాగే రాయడం. అద్దె, మందులు, అప్పు, తమ్ముడి చదువు, ఈ మాటలతోనే విషాదం పుట్టించవచ్చని ఆయనకి సినిమాలోకి రాకముందే తెలుసు. కరుణరసానికి గ్రాంథికం అక్కర్లేదని నమ్మిన నాటకకర్త ‘దీక్ష’ (1951) పాటలతో సినిమాలోకి అడుగుపెట్టారు.

సింగీతం కూడా నాటకం నుంచే వచ్చారు. మద్రాసు ప్రెసిడెన్సీ కాలేజీలో చదివి, మాస్టారుగా పనిచేస్తూ ‘బ్రహ్మ’, ‘అంత్యఘట్టం’ రాశారు. టాగోర్ ‘చిత్ర’ని ‘చిత్రార్జున’గా ఆడించారు. అక్కడి నుంచి దర్శకుడు కె.వి. రెడ్డి దగ్గర సహాయకుడిగా చేరారు. ‘మాయాబజార్’ (1957) కాలపు కె.వి. రెడ్డి యూనిట్ ఒక బడి. స్క్రిప్టు మొత్తం చేతిలో ఉంటే తప్ప కెమెరా కదలదు. సీను ఎన్ని నిమిషాలు పడుతుందో ముందే కొలిచి చూసుకోవాలి. ఆ బడిలో మాటలు పింగళి నాగేంద్రరావువి. సింగీతానికి అబ్బింది మాటల చుట్టూ ఉన్న కొలత.

సినిమా రాయడం నేర్పే బడి మాటకొస్తే, అప్పటి ప్రాగ్‌లో సంగతి ఇందుకు భిన్నం. 1946లో అక్కడ ఫాము అనే సినిమా విద్యాలయం పెట్టి, స్క్రిప్టు రాయడాన్ని కూడా ఒక చదువుగా నేర్పారు. మనకి అలాంటి బడి లేదు. నాటక పరిషత్తులూ, పెద్ద దర్శకుల గదులూ బడులయ్యాయి. చెక్ రచయితల్లోనూ మన సింగీతం లాంటి మాస్టారు ఒకాయన ఉన్నారు. జ్డెనెక్ స్వెరాక్ బడిపంతులుగా మొదలై, 1967లో ప్రాగ్‌లో మిత్రులతో కలిసి నాటకశాల పెట్టి, అక్కడి నుంచి సినిమా రచయిత అయ్యారు. ఆయన రాసి నటించిన, ఆయన కొడుకు దర్శకత్వం వహించిన ‘కోల్య’ (1996)కి ఆస్కార్ వచ్చింది. చెక్ మాట్లాడే ఒక నడివయసు చెల్లో వాద్యకారుడి మీద, రష్యన్ తప్ప మరేదీ రాని పిల్లాడు వచ్చి పడతాడు. ఒకరి భాష ఒకరికి సరిగా పట్టుబడదు. మాట ఎక్కడ పనికొస్తుంది, ఎక్కడ పనికిరాదు అన్నది ఆ సినిమాలో ఒకే మనిషి లెక్క చూసుకున్నాడు. స్వెరాక్ కలం రెండు పనులూ చేసింది. మన దగ్గర ఆ రెండు పనులూ ఇద్దరి మధ్య పంచుకుపోయాయి.

ఆత్రేయ సంభాషణల్లో మంచివి ఎక్కువగా ఆదుర్తి సుబ్బారావు సినిమాల్లో దొరుకుతాయి. ‘తోడికోడళ్లు’ (1957), ‘మాంగల్యబలం’ (1959), ‘వెలుగునీడలు’ (1961), ‘మంచిమనసులు’ (1962), వాటి తర్వాత ‘మూగమనసులు’ (1964). ఈ చివరి సినిమా దగ్గర కొంచెం ఆగాలి.

‘మూగమనసులు’లో గోపి గోదావరి మీద పడవ నడిపేవాడు. రాధ జమీందారు కూతురు. రోజూ ఆమెను పడవలో రేవు దాటించడం అతని పని. స్క్రీన్‌ప్లేలో ముళ్లపూడి వెంకటరమణ చెయ్యి ఉంది. పునర్జన్మ కథ, సుడిగుండం, సమాధి దగ్గర ముసలి గౌరి చెప్పే గతం, ఆ కట్టడం అంతా మాటల రచయితకి అందేసరికే సిద్ధంగా ఉంది. ఆత్రేయ చేతిలో మిగిలినది ఒక చిక్కు. గోపికి రాధ మీద ఉన్నదేమిటో సినిమా చూసే ప్రతివాడికీ తెలుసు. ఆ సంగతి గోపి నోట రాకూడదు. వస్తే అతని మర్యాద పోతుంది, ఆమె పరువు పోతుంది, కథే పోతుంది. ఆత్రేయ గోపి చేత ఆమెను ‘అమ్మాయిగారూ’ అని పిలిపించారు. మొదట్లో ఆ పిలుపు నౌకరు విధేయత. మధ్యలో చనువు. ఆమె విధవ అయి తిరిగొచ్చాక అదే పిలుపు గుండెలో ముల్లు. పిలుపు మారదు, దాని కింద ఉన్న బరువు మారుతుంది. ఎడం తెలిపే ఆ ‘గారు’ని గోపి ఒక్కసారి వదిలేసి ఉంటే కథ అక్కడితో చప్పబడిపోయేది. నాగేశ్వరరావు, సావిత్రి నటన గొప్పదే, కాదనను. ఆ నటనకి నిలబడే చోటు ఇచ్చింది మాత్రం మాటలు రాసినాయన పొదుపు. పైగా ఆత్రేయ నెల్లూరు మనిషి. గోదావరి యాస ఆయనది కాదు. అయినా గోపి, గౌరీ మాట్లాడే పల్లె పలుకు అరువు తెచ్చుకున్నట్టు వినిపించదు.

మాటల రచయితగా ఆయన శిఖరం ఒక ముఖ్యమైన మాట ఎవరూ అనని సినిమాలో ఉండటం మీద నాకు ఎప్పటికీ గౌరవం. ఆత్రేయని మనసు కవి అని పిలుచుకుని తృప్తిపడిపోతాం. మనసు గురించి మాట్లాడటం కంటే, మాట్లాడలేకపోవడాన్ని పలికించడం ఆయన అసలు బలం.

ఆ బలమే ఆయన్ని కొన్నిచోట్ల దెబ్బతీసింది. ప్రేక్షకుడు మనసన్న మాటకి చప్పట్లు కొట్టడం మొదలుపెట్టాక ఆయన చేత అదే రాయించారు, ఆయనా రాశారు. డెబ్బైలలో కొన్ని సినిమాల్లో పాత్రలు బాధపడటం మానేసి బాధ గురించి నిర్వచనాలు చెప్పడం మొదలుపెడతాయి. ‘ప్రేమ్‌నగర్’ (1971)లో తాగుడికి బానిసైన కల్యాణ్ పాత్ర ఆ ప్రమాదపు అంచు మీదే నడుస్తుంది. చాలా సన్నివేశాల్లో నిలబడింది, కొన్నింట్లో ఉపన్యాసమైంది. ఆయన స్వయంగా దర్శకత్వం వహించిన ఒకే ఒక్క సినిమా ‘వాగ్దానం’ (1961) నాకు ఇంకా పెద్ద సాక్ష్యం. శరత్ కథ, నాగేశ్వరరావు, కృష్ణకుమారి, పెండ్యాల సంగీతం, శ్రీశ్రీ రాసిన హరికథ, అన్నీ ఉన్నాయి. పాటలు ఈనాటికీ వినిపిస్తాయి. సినిమాని తలుచుకునేవాళ్లు తక్కువ. పాత్రలు చెప్పవలసింది చెప్పేశాక సన్నివేశానికి చేయవలసిన పని మిగలదు. ఆదుర్తి లాంటివాడు ఎదురుగా ఉండి ఇక్కడ మాట వద్దు అని చెబితే ఆత్రేయ కలం పదునెక్కేది. ఎదురు చెప్పేవాడు లేనప్పుడు మొద్దుబారింది. రాసి ప్రేక్షకుల్నీ, రాయక నిర్మాతల్నీ ఏడిపిస్తాడని ఆయన గురించి మద్రాసులో చెప్పుకునేవారు. ఆ ఆలస్యాన్ని బద్ధకం అనడం నాకు ఇష్టం లేదు. ‘అమ్మాయిగారూ’ లాంటి ఒక్క పిలుపు దొరికేదాకా తక్కిన వంద మాటలు కొట్టేసుకునే మనిషికి ఆలస్యం కాక ఏమవుతుంది?

సింగీతం అటు చివర మొదలుపెట్టారు. ‘నీతి నిజాయితీ’ (1972) దెబ్బతింది. తమిళంలో ‘దిక్కట్ర పార్వతి’ (1974)కి జాతీయ గుర్తింపు వచ్చింది. కన్నడంలో రాజ్‌కుమార్‌తో వరుసగా సినిమాలు తీశారు, ‘భాగ్యద లక్ష్మీ బారమ్మ’ (1986)కి సంగీతం కూడా ఆయనే కట్టారు. ‘మయూరి’ (1985) తెలుగులో ఆయన్ని ఇంటింటికీ తీసుకెళ్లింది. ఇవన్నీ మెచ్చుకోదగ్గవే. రచయితగా ఆయన్ని నిలబెట్టేది ‘పుష్పక విమానం’ (1987).

కె.వి. రెడ్డి దగ్గర పనిచేసేటప్పుడు మాట లేకుండా ఒక పాత్ర భయాన్ని చూపించాల్సి వచ్చిందనీ, అప్పటి నుంచే సినిమా మొత్తం అలా తీయాలన్న ఆలోచన తనలో ఉండిపోయిందనీ సింగీతం చెప్పుకున్నారు. ముప్పై ఏళ్లు ఒక ఊహని మోసుకు తిరగడం మామూలు పట్టుదల కాదు. ఆ సినిమాలో కుర్రాడికి పేరు లేదు, ఉద్యోగం లేదు. తాగి పడిపోయిన ఒక ధనవంతుణ్ణి తన గదిలో బంధించి, అతని తాళంచెవితో అయిదు నక్షత్రాల హోటల్లో కాపురం పెడతాడు. ఇక్కడ ఒక సన్నివేశం రచన ఎలా ఉందో చూడండి. కుర్రాడి పాత గది సినిమా హాలు పక్కన. రాత్రిళ్లు ఫైటింగుల చప్పుడు గోడలు దాటి వస్తుంది. అతను దానికి అలవాటుపడ్డాడు. హోటల్లో పట్టుపరుపు మీద పడుకుంటే, ఆ నిశ్శబ్దంలో నిద్ర రాదు. టేప్‌రికార్డరు పట్టుకుని పాత గదికి వెళ్లి ఆ చప్పుడంతా ఎక్కించుకొచ్చి, హోటల్లో పెట్టుకుని హాయిగా నిద్రపోతాడు.

ఈ సంగతి మాటల్లో చెప్పాలంటే ఒక స్నేహితుడు కావాలి. పేదరికం అలవాటైనవాడికి సుఖం కూడా పరాయిదే అని అతను అనాలి, మనం తలూపాలి. సింగీతం ఆ స్నేహితుణ్ణి తీసేసి టేప్‌రికార్డరు పెట్టారు. ప్రేక్షకుడు ముందు నవ్వుతాడు, తర్వాత ఆలోచిస్తాడు. రోడ్డు పక్క బిచ్చగాడితో కుర్రాడి పోటీ కూడా అంతే. తన దగ్గరున్న డబ్బు చూపించి కుర్రాడు గొప్పలు పోతే, బిచ్చగాడు తన కింద దాచినది చూపించి అతని నోరు మూయిస్తాడు. తర్వాత ఒకనాడు ఆ బిచ్చగాడు చనిపోతే జనం శవాన్ని పట్టించుకోకుండా నోట్ల కోసం కొట్టుకుంటారు. మొదటిది హాస్యం కోసం పెట్టిన సన్నివేశం అనుకుంటాం. రెండోది వచ్చాకే మొదటిది ఎందుకు రాశారో తెలుస్తుంది. ఒక సన్నివేశం అర్థం ఇంకో సన్నివేశం దగ్గర తీరుతుంది. ఇది అచ్చంగా రచన. కెమెరా పనితనం కింద దీన్ని కొట్టేయడం తప్పు.

లోపాలూ చెప్పాలి. మాట తీసేశాక మనుషులు చాలాచోట్ల రకాలుగా మిగిలిపోతారు. తాగుబోతు ధనవంతుడు, మంచుకత్తితో హత్య చేయబోయే కిరాయి హంతకుడు, ఇంద్రజాలికుడు. మాట లేకపోతే మనిషిలో ఉన్న వైరుధ్యాన్ని చూపించడం కష్టం. అమల వేసిన అమ్మాయి చిలిపితనం బాగుంది గానీ ఆ అమ్మాయికి తనదంటూ ఒక కోరిక, ఒక పంతం కనిపించవు. ఆత్రేయ రాధకి ఒక్క నిమిషంలో ఇచ్చే లోతు ఆమెకి సినిమా అంతా కలిపినా రాదు. బంధించిన ధనవంతుడి కాలకృత్యాల మీద అల్లిన హాస్యం కూడా అవసరానికి మించి సాగింది.

‘ఆదిత్య 369’ (1991)లో ఆయన కథ, స్క్రీన్‌ప్లే తన దగ్గర పెట్టుకుని మాటలు జంధ్యాలకి ఇచ్చారు. ఈ పంపకం నాకు ముఖ్యంగా కనిపిస్తుంది. మ్యూజియంలోంచి దొంగిలించే వజ్రం ఒక్కటి పట్టుకుని వర్తమానాన్నీ, 1526 నాటి రాయల కాలాన్నీ కుట్టేశారు, అక్కడి నుంచి 2504 దాకా లాక్కెళ్లారు. భవిష్యత్తు భాగం నాకు పలచగా తోస్తుంది. రాయల సభ భాగం నేటికీ తాజాగా ఉంది, ఎందుకంటే అక్కడ నిర్మాణానికి జంధ్యాల చమత్కారం తోడైంది. తన సగం ఏదో, ఎదుటివాడి సగం ఏదో తెలిసిన రచయిత చేసే పని ఇది. ఆత్రేయకి ఆదుర్తి ఎలాగో, సింగీతానికి జంధ్యాల అలాగ.

నెల్లూరులో రచన గురించి మాట్లాడితే తిక్కన దాకా వెళ్లక తప్పదు. పాత్ర ఏమందో, అంటూ ఎటు చూసిందో, ఎలా నిలబడిందో ఒక్క పద్యంలోనే ఇమిడ్చినవాడు ఆయన. ఆయన నాటకీయతని మెచ్చుకుంటూ విమర్శకులు ఎన్నో రాశారు. ఆ రెండు సగాలూ ఆయన దగ్గర విడిపోలేదు. విడదీసింది సినిమా పరిశ్రమ. విడదీశాక ఈ ఇద్దరూ తమ తమ సగాల్ని ఎంత లోతుకి తవ్వారో చూస్తే ఆశ్చర్యమేస్తుంది.

ఈ తేడాకి సరిహద్దు నేల కూడా కొంత కారణమని నా అభిప్రాయం. సూళ్లూరుపేట వైపు తెలుగుకి తమిళం పక్కింటి భాష. అలాంటి చోట బతికినవాడికి తన భాష చెవికి కొత్తగా వినిపిస్తూ ఉంటుంది. ఏ మాట అందరికీ తెలుస్తుంది, ఏది తెలియదు అన్న ఎరుక ఎప్పుడూ మెలకువగా ఉంటుంది. ఆత్రేయ ఆ ఎరుకతో తెలుగుని వడగట్టి, శ్రీకాకుళం నుంచి చిత్తూరు దాకా ఏ ఇల్లాలికైనా అర్థమయ్యే మాటలు మాత్రమే ఉంచుకున్నారు. సింగీతం అదే ఎరుకతో తెలుగు, తమిళ, కన్నడాల మధ్య తిరిగి, చివరికి ఏ భాషా అక్కర్లేని సినిమా రాశారు.

‘పుష్పక విమానం’ చివర్లో అమ్మాయి ఊరు వదిలి వెళ్లిపోతూ కారులోంచి ఒక గులాబీ విసురుతుంది. దానికి చుట్టిన కాగితం మీద తన వివరం రాసింది. సినిమాకంతటికీ అవసరమైన మాట అదొక్కటే. గాలికి ఆ కాగితం కొట్టుకుపోయి మురికి కాలవలో పడుతుంది. కుర్రాడి చేతిలో పువ్వు మిగులుతుంది. మళ్లీ ఉద్యోగాల వరసలో నిలబడతాడు. గోపి అనలేని మాటనీ, ఈ కుర్రాడు చదవలేకపోయిన మాటనీ పక్కపక్కన పెట్టండి. మాటలు రాసినాయన మాటని గొంతులో ఆపేశారు. మాటలు తీసేసినాయన ఒక మాటని చేతిదాకా తెచ్చి పోగొట్టారు. రెండింటిలో ఏది గొప్పదని అడిగితే నేను ‘మూగమనసులు’నే ముందు పెడతాను. కాగితం గాలికి పోయింది, అది దురదృష్టం. గోపి మౌనం అతను ఎంచుకున్నది. రోజూ ఎంచుకుంటాడు, ఎదురుగా ఆమె కూర్చుని ఉండగానే ఎంచుకుంటాడు. దాన్ని రాయడం ఎక్కువ కష్టం.

1989 సెప్టెంబరు 13న ఆత్రేయ పోయాక కొంగర జగ్గయ్య పూనుకుని ఆయన రచనల్ని సంపుటాలుగా తెచ్చారు. మంచి పని. సినిమా మాటల్ని విడిగా అచ్చేస్తే మాత్రం సగమే చేతికొస్తుంది. ‘మూగమనసులు’ పూర్తి స్క్రిప్టు, ముళ్లపూడి కట్టడమూ ఆత్రేయ మాటలూ ఒకే పేజీలో కనబడేట్టు రావాలి. దాని పక్కన ‘పుష్పక విమానం’ సన్నివేశాల వరస రావాలి. ఒక్క సంభాషణ కూడా లేని ఆ స్క్రిప్టు కాగితం మీద ఎలా ఉంటుందో సినిమా రాయాలనుకునే పిల్లలకి తెలియాలి. సూళ్లూరుపేట 2022లో తిరుపతి జిల్లాలోకి వెళ్లింది కాబట్టి ఈ పని నెల్లూరుదా తిరుపతిదా అని ఎవరూ వాదులాడుకోనక్కర్లేదు. రెండు చోట్లా విశ్వవిద్యాలయాలున్నాయి, వాటిలో తెలుగు చదివే పిల్లలున్నారు. ఎవరు ముందు మొదలుపెడితే వాళ్లది.